చెప్పిన మాట వినేవాళ్లు

చాలా ఏళ్ల కిందట అరకు దగ్గర ఒక ఆశ్రమ పాఠశాలలో ఇంగ్లీషు చెప్పేవాణ్ణి. సంవత్సరం చివర ప్రోగ్రెస్ కార్డుల మీద ఒక్కో పిల్లవాడి గురించి ఒక్కో ముక్క రాయాలి. నలభై మంది పిల్లలు, నలభై కార్డులు, చేతిలో ఒక్క సాయంత్రం. అలాంటప్పుడు ఎవరైనా చేసే పనే నేనూ చేశాను. నాలుగైదు మాటలు ఎంచుకుని తిప్పితిప్పి రాశాను. వాటిలో ఎక్కువసార్లు వాడింది ‘డోసైల్’ అనే మాట. అల్లరి చెయ్యడు, ఎదురు చెప్పడు, కూర్చోమంటే కూర్చుంటాడు. ఇంతకంటే తేలిగ్గా దొరికే మాట ఇంకేముంటుంది?

సెలవులకి పిల్లవాణ్ణి ఇంటికి తీసుకెళ్లడానికి ఒక తండ్రి వచ్చాడు. పోర్జా ఆయన. కార్డు తిరగేసి చూసి, నా చేతి రాత మీద వేలు పెట్టి, “ఇక్కడేటి రాసేరు మేస్టారూ?” అన్నాడు.

“మీవాడు చెప్పిన మాట వింటాడని రాశాను” అన్నాను.

ఆయన సంతోషంగా తలూపాడు. తర్వాత కాసేపు ఆలోచించి, వెటకారం ఏమీ లేకుండా, నిజంగా తెలుసుకోవాలన్నట్టు అడిగాడు: “మీరేటి సెప్పేరు మేస్టారూ?”

నవ్వి ఊరుకున్నాను. ఆ రాత్రి మాత్రం ఆ ప్రశ్న వదల్లేదు. ఏడాది పొడుగునా ఆ కుర్రాడికి నేను చెప్పిందేమిటి? కూర్చో. లే. రాయి. చూసి రాయి. వాళ్లింట్లో మాట్లాడేది ఆదివాసీ ఒడియా. అందులో నాకు ఒక్క వాక్యం రాదు. తెలుగు వాడికి అరకొర, ఇంగ్లీషు అసలే కొత్త. వాడు నా మాట విన్నాడని ఏ ధైర్యంతో రాశాను? వాడు నోరు మెదపలేదు, అంతే. ఆ మౌనాన్ని వాడి స్వభావం కింద జమకట్టేశాను. మనవైపు ఇలాంటి పిల్లల్ని ‘నోట్లో నాలుక లేనివాడు’ అంటారు. వాడి నోట్లో నాలుక ఉంది. దానికి నా చెవి లేదు.

ఈ వ్యాసం ఆ ఒక్క మాట గురించి. దాని చుట్టాల గురించి కూడా. ఒక ఇంగ్లీషు విశేషణానికి తెలుగులో అర్థాలు వెతకడం నిఘంటువు పని కదా, దానికి అరకు ఎందుకు అంటారేమో. ఆ మాట ఎక్కువగా పనిచేసిన చోట్లలో ఈ కొండలు ఒకటి. అందుకని.

*

సులువుగా నడిపించదగినవాడు అని చెప్పడానికి ఇంగ్లీషులో మాటలకి లోటు లేదు. డోసైల్, ట్రాక్టబుల్, మేనేజబుల్, అమీనబుల్, కంప్లయంట్, ఒబీడియంట్. పైపైన చూస్తే అన్నీ ఒకటే. పుట్టుక చూస్తే ఒక్కోటీ ఒక్కో చోటునుంచి వచ్చింది.

డోసైల్ బడినుంచి వచ్చింది. లాటిన్‌లో ‘డొకేరే’ అంటే బోధించడం. డాక్టరు, డాక్యుమెంటు ఇవి కూడా ఆ ఇంటివే. మొదట్లో డోసైల్ అంటే చెబితే నేర్చుకునేవాడు, బోధకు లొంగేవాడు కాదు. నేర్చుకునే గుణం కాలక్రమాన లొంగే గుణం కింద మారిపోయింది. ట్రాక్టబుల్ చేతినుంచి, తాడునుంచి వచ్చింది. పట్టుకుని తిప్పడం, లాగడం దాని మూలం. మన పొలాల్లో తిరిగే ట్రాక్టరు దానికి దగ్గర బంధువు. మేనేజబుల్ గుర్రపుశాలనుంచి వచ్చింది. ఇటాలియన్‌లో గుర్రాన్ని చేతిలో పెట్టుకుని తిప్పే విద్యకి వాడిన మాటలోంచి ఇంగ్లీషువాళ్ల ‘మేనేజ్’ పుట్టింది. ఇవాళ ప్రతి ఆఫీసులోనూ ఉండే మేనేజరుగారి పేరులో ఒక కళ్లెం ఉందన్నమాట. అమీనబుల్ కోర్టునుంచి వచ్చింది. దానికి పాత అర్థం జవాబుదారీ. ఫలానా చట్టానికి, ఫలానా న్యాయస్థానానికి జవాబు చెప్పుకోవలసినవాడు. ఇంకా వెనక్కి వెళితే పశువుల్ని అదిలించి తోలడం దగ్గర తేలుతుంది. ఒబీడియంట్ చెవినుంచి వచ్చింది. దాని మూలం వినడమే.

ఈ చివరిదాన్ని చూసి తెలుగువాళ్లం ఆశ్చర్యపడక్కర్లేదు. మనకీ ‘మాట వినడం’ అంటే చెవికి సంబంధించిన పని కాదు కదా. వాడు మాట వినడు అంటే చెవుడని ఎవరూ అనుకోరు. మన మాటల్లోనూ బడీ, పశువుల శాలా పక్కపక్కనే ఉన్నాయి. ‘వినయం’లో ఉన్న ధాతువుకి నడిపించడం అని అర్థం. సంస్కృతంలో వినీతమైన గుర్రం అంటే బాగా తర్ఫీదైన గుర్రం. ‘దమం’ ఋషికైతే ఇంద్రియ నిగ్రహం, కోడెదూడకైతే కాడి అలవాటు చెయ్యడం. ఇంగ్లీషు ‘టేమ్’ దానికి చాలా దూరపు తోబుట్టువు. ఇక ‘శిక్ష’ సంగతి చెప్పనే అక్కర్లేదు. సంస్కృతంలో అది విద్య. తెలుగులోకి వచ్చేసరికి దెబ్బ. మధ్యలో ‘శిక్షణ’ రెండువైపులా చూస్తూ నిలబడింది.

అచ్చతెనుగులోకి వస్తే మెతక, అణకువ, మచ్చిక, లొంగుబాటు ఉన్నాయి. పండక్కి ఇంటిముందుకొచ్చే గంగిరెద్దు ఉంది. అయ్యవారికి దండం పెట్టమంటే పెడుతుంది, అవునా అంటే తలూపుతుంది. ఏం అడిగారో దానికి తెలియదని అందరికీ తెలుసు. అయినా చేటెడు బియ్యం పోస్తాం.

ఇంతకంటే ముఖ్యమైన తేడా పుట్టుకలో లేదు, వ్యాకరణంలో ఉంది. ఇంగ్లీషులో అమీనబుల్ అన్నాక ‘దేనికి’ అని చెప్పాలి. ఒబీడియంట్ అంటే ‘ఎవరికి’ అన్న ప్రశ్న వెంటే వస్తుంది. డోసైల్‌కి ఆ అవసరం లేదు. అది ఒంటరిగా నిలబడుతుంది. ఆమె డోసైల్, ఆ జాతి డోసైల్, ఆ కూలీలు డోసైల్. వాక్యం పూర్తయిపోతుంది. నిజానికి అది ఇద్దరి మధ్య జరిగే వ్యవహారం. ఒకడు చెబుతాడు, ఒకడు వింటాడు. ఆ చెప్పేవాణ్ణి వాక్యంలోంచి తప్పించి, వినేవాడి ఒంటి రంగులాగా, ముక్కు ఆకారంలాగా ఆ గుణాన్ని అతనికే అంటగట్టడం ఈ మాట చేసే పని.

తెలుగులోనూ ఈ రెండు రకాలూ ఉన్నాయి. లొంగాడు అంటే ఎవరికి అని అడుగుతాం. విధేయుడు అంటే ఎవరికో ఒకరికి. ఉత్తరం చివర ‘ఇట్లు మీ విధేయుడు’ అన్నప్పుడు ఆ ‘మీ’ తప్పదు. మాట వినడానికి ముందు ఎవరిదో ఒకరి మాట ఉండాలి. సాధువు, మెతకమనిషి, అమాయకుడు అంటే మాత్రం అవతలివాడు అక్కర్లేదు. ఆ పోర్జా తండ్రి చేసింది ఇదే. నేను కార్డు మీద రాసిన ఒంటరి మాటకి తప్పిపోయిన రెండోవాణ్ణి వెతికి పట్టుకున్నాడు. మీరేటి సెప్పేరు?

*

ఏజెన్సీ అనే పేరే ఇలాంటి ఒక ఏర్పాటులోంచి వచ్చింది. 1839లో ఈస్టిండియా కంపెనీ ప్రభుత్వం గంజాం, విశాఖపట్నం కొండ ప్రాంతాలని మామూలు చట్టాల పరిధినుంచి తప్పించి కలెక్టరు చేతిలో పెట్టింది. ఆ హోదాలో కలెక్టరుని ఏజెంటు అన్నారు. ఏజెంటుగారి కొండలు ఏజెన్సీ అయ్యాయి. ఈ కొండల ప్రజలకి మామూలు కోర్టులు, మామూలు చట్టాలు పనికిరావు, వాళ్లని వేరే పద్ధతిలో నడపాలి అన్న నమ్మకం దానికి పునాది.

ఎలా నడపాలో తెలియాలంటే ఎలాంటివాళ్లో తెలియాలి. అందుకే ఆ కాలపు పుస్తకాలు స్వభావాల జాబితాల్లా ఉంటాయి. 1869 నాటి కార్మైకేల్ విశాఖపట్నం మాన్యువల్, 1907లో ఫ్రాన్సిస్ గెజిటీరు, 1909లో థర్‌స్టన్ ఏడు సంపుటాలు. వీటిలో విలువైన సమాచారం లేదని కాదు. ఇప్పటికీ ఇళ్ల కట్టుబడి, పండగలు, బట్టలు, నగల గురించి వాటినే తిరగేస్తాం. కానీ ఆ తరహా రచనల్లో మనుషుల స్వభావాన్ని ఒకటి రెండు విశేషణాల్లో తేల్చెయ్యడం ఒక అలవాటు. ఫలానావాళ్లు నెమ్మదస్తులు, పనికి బాగుంటారు. ఫలానావాళ్లు కోపిష్ఠులు, జాగ్రత్తగా ఉండాలి. మెల్లగా చదివితే అవి ఆ మనుషుల గుణాల్లా కాక, వాళ్లతో పనిపడే ఆఫీసరుకి ఇచ్చే సూచనల్లా ఉంటాయి. పశువుని కొనేముందు పొడుస్తుందా అని అడిగినట్టు.

ఈ విశేషణాల కింద జరిగిన చరిత్ర వేరు. గూడెం, రంప కొండల్లో పంతొమ్మిదో శతాబ్దం మొదలు 1924 దాకా ఫితూరీ మీద ఫితూరీ. 1879 రంప ఫితూరీ వెనక చెట్లు గీసి కల్లు తీసుకున్నందుకు వేసిన చిగురుపన్ను ఉంది. ముఠాదార్ల గోడు ఉంది. సాహుకార్ల అప్పులున్నాయి. 1882 మద్రాసు అటవీ చట్టం తర్వాత పోడు మీద ఆంక్షలు ఒక్కొక్కటే బిగిశాయి. ఇటు సాలూరు వైపు 1900లో కొర్రా మల్లయ్య అనే కొండదొర తాను పాండవుల్లో ఒకడి అవతారమనీ, తన కొడుకు కృష్ణుడనీ, తెల్లవాళ్లని వెళ్లగొడతాననీ చెబితే వేలమంది వెంట చేరారు. వెదురుకర్రలు తుపాకులవుతాయని నమ్మారు. డేవిడ్ ఆర్నాల్డ్ 1982లో సబాల్టర్న్ స్టడీస్ మొదటి సంపుటంలో ఈ గూడెం, రంప ఫితూరీల వరసని ఒక్కచోట పెట్టి చూపించాడు. వరసగా చూస్తే ‘నెమ్మదస్తులు’ అన్న మాటకి చోటెక్కడో అర్థం కాదు.

చోటు ఉంది. రెండు ఫితూరీల మధ్య. శాంతంగా ఉన్నన్నాళ్లూ అది స్వభావం. తిరగబడితే అది ఎవరో బయటివాడు చేసిన పని. ఈ లెక్క ఎప్పుడూ తప్పదు, ఎందుకంటే ఏం జరిగినా అది సరిపోతుంది.

ఇక్కడ మనమూ కొంచెం తల వంచుకోవాలి. 1922 ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద దాడులు జరిగాయి. అల్లూరి సీతారామరాజు పేరు అందరికీ తెలుసు. తెలియాలి కూడా. గాం గంటందొర, గాం మల్లుదొర పేర్లు కొందరికి తెలుసు. వాళ్ల వెనక నడిచినవాళ్ల పేర్లు ఎంతమందికి తెలుసు? నరసీపట్నంనుంచి చింతపల్లికి రోడ్డు వేయిస్తూ బాస్టియన్ అనే గూడెం డిప్యూటీ తాసీల్దారు కొండవాళ్లచేత చాలీచాలని కూలికి చాకిరీ చేయించిన కథ, ఆ కసి రాజుగారితో మొదలైంది కాదు. దొరల కథనంలో బయటివాడొకడు వచ్చి అమాయకుల్ని రెచ్చగొట్టాడు. మన కథనంలో బయటివాడొకడు వచ్చి అమాయకుల్ని మేల్కొలిపాడు. వీరుడు మారాడు, నీతి మారింది. క్రియ మాత్రం రెండింటిలోనూ బయటివాడిదే. అమాయకులు రెండింటిలోనూ అమాయకులే.

*

ఈ మాటల ఛాయలన్నీ ఒకేచోట చూడాలంటే ఏ గెజిటీరూ అక్కర్లేదు. గోపీనాథ్ మహంతి ‘పరజా’ చాలు. 1945లో వచ్చిన ఒడియా నవల. నేను బిక్రమ్ కె. దాస్ ఇంగ్లీషు అనువాదంలో చదివాను. కథ కోరాపుట్ కొండల్లోది. 1936లో ఒడిశా వేరయ్యేదాకా కోరాపుట్ విశాఖపట్నం జిల్లాలోదే. పరజాలే మనవైపు పోర్జాలు. నా ప్రోగ్రెస్ కార్డు మీద వేలు పెట్టిన తండ్రి ఈ నవలలో మనుషులకి జ్ఞాతి.

సుక్రుజాని పెళ్లాం పోయినవాడు. ఇద్దరు కొడుకులు మండియా, టిక్రా. ఇద్దరు కూతుళ్లు జిలి, బిలి. కొంచెం భూమి, మరికొంచెం ఆశ. ఫారెస్టు గార్డు కన్ను జిలి మీద పడుతుంది. అది సాగకపోయేసరికి చెట్లు నరికారన్న నేరం మీద జరిమానా పడుతుంది. జరిమానా కట్టడానికి సాహుకారు దగ్గర అప్పు. అప్పుకి సుక్రుజాని, కొడుకు గోతీలుగా కుదురుతారు. గోతీ అంటే వెట్టి. అప్పు తీరేదాకా చాకిరీ చెయ్యాలి, ఆ అప్పు తీరదు. భూమి తాకట్టు పడుతుంది. దాన్ని విడిపించుకోవడానికి కోర్టుకెక్కుతారు. ఓడిపోతారు.

డోసైల్ మనిషి అంటే ఎలా ఉంటాడో చూపించమంటే చాలామంది సుక్రుజానిని చూపిస్తారు. ఏం చెప్పినా తలూపుతాడు. మొదటిసారి చదివినప్పుడు నాకూ అలాగే అనిపించి విసుగొచ్చింది. ఎందుకు ఎదురు తిరగడు అని. రెండోసారి చదివితే అతను తలూపే ప్రతిచోటా ఎదురుగా ఎవరున్నారో కనిపించింది. గార్డు ముందు అతను ట్రాక్టబుల్. మెడకి తాడు పడింది, లాగితే నడుస్తాడు. సాహుకారుకి మాటిచ్చినప్పుడు అది మరో సంగతి. అప్పు తీసుకున్నాను, చాకిరీ చేస్తానన్నాను, చేస్తాను అంటాడు. అది లొంగుబాటు కంటే మాట నిలబెట్టుకోవడానికి దగ్గర. సాహుకారుకి అది సులువుగా కనిపిస్తే, కారణం సుక్రుజాని మెతకదనం కాదు. ఒక్కడే మాట మీద నిలబడే బేరంలో రెండోవాడికి ఎప్పుడూ సులువే. ఇక కోర్టుకెళ్లినప్పుడు అతను నిజంగా డోసైల్, పాత అర్థంలో. కొత్త విద్య నేర్చుకోబోయాడు. కాగితం, వకీలు, సాక్ష్యం అనే విద్య. నేర్పినవాళ్లు ఓడిపోవడం నేర్పారు.

చివర్లో మండియా గొడ్డలి లేస్తుంది. సాహుకారు చచ్చిపోతాడు. ఆ తర్వాత తండ్రీ కొడుకులు అడవిలోకి పారిపోరు. పోలీసు స్టేషన్‌కి నడిచి వెళ్లి, మేమే చంపామని చెబుతారు.

ఈ ముగింపు దగ్గర పాఠకులు రెండుగా చీలిపోవడం చూశాను. ఇది తిరుగుబాటు అని కొందరు. చంపి కూడా స్టేషన్‌కి వెళ్లి లొంగిపోయారంటే ఎంత అమాయకులో చూడండి అని కొందరు. నాకు రెండోది అన్యాయంగా తోస్తుంది. దాచుకోవడం వాళ్లకి రాదన్నది నిజమే కావచ్చు. కానీ కథంతా చట్టం వాళ్ల మీదికి వచ్చింది. జరిమానాగా, తాకట్టుగా, డిక్రీగా. మొదటిసారి వాళ్లు చట్టం దగ్గరికి చెయ్యి చాచకుండా వెళ్లారు. చేసింది ఇది, చేసింది మేము, రాసుకోండి అన్నారు. అమీనబుల్ అన్న మాటకి జవాబుదారీ అనే అర్థం ఉందని పైన అన్నాను. ఆ అర్థంలో ఆ నవల మొత్తానికి అమీనబుల్ మనుషులు ఈ ముగ్గురే. అప్పటిదాకా ఎవరూ, గార్డు గానీ సాహుకారు గానీ, తాము చేసినదానికి జవాబు చెప్పలేదు.

మహంతికి ఈ తేడా తెలియడానికి ఆయన ఉద్యోగం కూడా కారణమేమో. ఆయన ఒడిశా పరిపాలనా సర్వీసులో అధికారి, ఎక్కువకాలం కోరాపుట్ కొండల్లో పనిచేశాడు. ఈయన ఎప్పుడూ కొండవాళ్ల పక్షమే అని అక్కడి భూస్వాములు, సాహుకార్లు ప్రధాని నెహ్రూకి ఫిర్యాదు పంపారు. వాళ్ల దృష్టిలో మేనేజ్ చెయ్యడానికి వీలుకాని మనిషి ఆయన. అయినా ఒకటి చెప్పాలి. ‘పరజా’లో కూడా కొన్నిచోట్ల కొండవాళ్లు అడవిలో ఒక భాగమైపోతారు. చెట్టూ వానా వెన్నెలా ఎలాగో వాళ్లూ అలాగే అన్నట్టు. ఆ వర్ణనల్లో మహంతి కవి గెలుస్తాడు, మహంతి అధికారి చూసిన మనిషి కొంచెం మసకబారతాడు. చెట్టుకి అభిప్రాయాలుండవు కదా. అంత ప్రేమగా రాసిన పుస్తకంలో కూడా ఈ మాట వెనకతలుపులోంచి దూరుతుంది.

దీనికి పక్కనే ఇంకో పుస్తకం పెట్టుకోవచ్చు. వెరియర్ ఎల్విన్ 1950లో ‘బోండో హైలాండర్’ రాశాడు. కోరాపుట్ కొండల్లోనే, గదబల ఇరుగుపొరుగునే ఉండే బోండోల కోపం గురించి, హత్యల గురించి అందులో విస్తారంగా ఉంది. ఎల్విన్ వాళ్లని ప్రేమించినవాడే. కానీ ఆ పుస్తకం పేరు చెబితే లోకానికి గుర్తుండేది ఆ కోపమే. ‘డోసైల్’ అన్న మాటకి ఎప్పుడూ ఒక జత ఉంటుంది. ఒక కొండమీద సాధువులు, పక్క కొండమీద క్రూరులు. మధ్యలో మామూలు మనుషులు ఉండడానికి కొండే మిగల్లేదు.

*

ఇప్పుడు కష్టమైన చోటికి వచ్చాను. అమాయకులు అన్న మాటతో మేలు కూడా జరిగింది.

1917లో ఏజెన్సీ భూబదలాయింపు చట్టం వచ్చింది. కొండవాడి భూమి మైదానంవాడికి పోకుండా ఏజెంటు అనుమతి కావాలంది. 1959 రెగ్యులేషన్, దానికి 1970లో చేసిన సవరణ, మనందరం వన్ ఆఫ్ సెవెంటీ అని పిలిచేది, ఆ దారిలోదే. దాని బలంతోనే 1997లో సమత కేసులో సుప్రీంకోర్టు షెడ్యూల్డు ప్రాంతాల్లో ప్రైవేటు కంపెనీలకి ప్రభుత్వం గనుల లీజులివ్వడం చెల్లదంది. ఆ కేసు మొదలైంది అనంతగిరి మండలంలో, బొర్రా చుట్టుపక్కల గ్రామాల్లో. అరకు వెళ్లే ప్రతివాడూ గుహలు చూడ్డానికి ఆగే బొర్రాయే. ఈ చట్టాలు లేకపోతే అరకులో ఇవాళ ఎవరి పేరుమీద ఏ భూమి ఉండేదో ఊహించడం కష్టం కాదు.

ఈ చట్టాలకి సాధారణంగా చెప్పే సమర్థన ‘వాళ్లు అమాయకులు, మోసపోతారు’ అని. నేనూ చాలాసార్లు అలాగే చెప్పాను. ఇప్పుడు చెప్పలేను. అమాయకుడు అంటే మాయ లేనివాడు. గొప్ప మాటే. కానీ దానిలో మాయ చేసినవాడు కనిపించడు. భూమి పోయింది వాడికి మాయ తెలియక, అన్నట్టు వినిపిస్తుంది. తెలియని భాషలో రాసిన కాగితం మీద వేలిముద్ర వేసినవాడు ఎంత తెలివైనవాడైనా మోసపోతాడు. నన్ను తీసుకెళ్లి కువి భాషలో పత్రం మీద సంతకం పెట్టమనండి, నా అమాయకత్వం బయటపడుతుంది. చట్టం కాపాడుతున్నది బుద్ధి తక్కువవాణ్ణి కాదు, బలం తక్కువైన బేరాన్ని. ఈ తేడా మాటల పట్టింపు అనుకోవద్దు. అమాయకులు కాబట్టి కాపాడుతున్నాం అంటే, రేపు చదువుకుని, ఉద్యోగం చేసి, మోటారు సైకిలెక్కి తిరిగేవాణ్ణి చూసి ‘వీళ్లేం అమాయకులండీ, ఇంకా ఈ చట్టాలెందుకు’ అనడానికి దారి దొరుకుతుంది. ఆ మాట ఇప్పటికే అరకు సంతలో టీ తాగుతూ విన్నాను.

రెండో చిక్కు, వాళ్లు మాట్లాడినప్పుడు. 1996 పెసా చట్టం గ్రామసభని అడగాలంది. 2013 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు నియమగిరి బాక్సైట్ సంగతి గ్రామసభలకి వదిలింది. ఆ జులై, ఆగస్టుల్లో పన్నెండు గ్రామసభలు, ఎక్కువగా డోంగ్రియా కోంధులవి, ఒకదాని తర్వాత ఒకటి వద్దన్నాయి. పన్నెండుకి పన్నెండూ. మన చింతపల్లి వైపు జెర్రెల బాక్సైట్ కోసం 2015లో వచ్చిన జీవో 97 మీద ఏజెన్సీ అంతా కదిలింది, 2019లో అది రద్దయింది. ఇలాంటి ప్రతి సందర్భంలోనూ ఎక్కడో ఒకచోట వినిపించే వాక్యం ఒకటుంది: అమాయక గిరిజనుల్ని ఎవరో రెచ్చగొడుతున్నారు. 1922లో వాడిన వాక్యమే, కొత్త కాగితం మీద.

గనులు కావాలా వద్దా అన్నది వేరే వాదం, ఎవరి లెక్కలు వాళ్లు చెప్పొచ్చు. నా గొడవ వాక్యంతో. ఒక మనిషి గురించి మన దగ్గర రెండే మాటలుంటే, మాట వింటాడు, లేదా ఎవరి మాటో విన్నాడు, అని మాత్రమే అనగలిగితే, అతను ఆలోచించుకుని వద్దన్నాడు అని చెప్పడానికి మాటే లేదు. రెండింటిలోనూ అతను వినేవాడే. చెప్పేవాడు ఎప్పుడూ ఇంకొకడు. డోంగ్రియా కోంధులు సభలో నిలబడి చెప్పింది వినడానికి ఈ వ్యాకరణంలో చోటు లేదు.

*

మరి డోసైల్‌ని నిఘంటువులోంచి కొట్టెయ్యాలా? వద్దు. ఫూకో 1975లో బడినీ బారకాసునీ జైలునీ ఒకే తాటిమీద కట్టి, అవి తయారుచేసే లొంగిన దేహాల గురించి రాశాక చదువుకున్నవాళ్లందరికీ ఈ మాటంటే అనుమానం. ఆ అనుమానం న్యాయమే. కానీ సబా మహమూద్ 2005లో ‘పాలిటిక్స్ ఆఫ్ పైటీ’లో ఒక మంచి సంగతి గుర్తుచేసింది. ఏ విద్యయినా రావాలంటే మొదట దానికి మనల్ని మనం అప్పగించుకోవాలి. సంగీతం నేర్చుకునేవాడు గురువు చేతికి తన వేళ్లని అప్పగిస్తాడు. అది లొంగుబాటు కాదు, నేర్చుకునే శక్తి. పాత లాటిన్ అర్థం అక్కడ మళ్లీ ఊపిరి తీసుకుంటుంది.

ఒక పండగపూట ఊళ్లో థింసా నేర్చుకోబోయాను. పక్కవాళ్ల నడుం చుట్టూ చెయ్యి వేసి, తుడుం దెబ్బకి అడుగు కలపాలి. నా అడుగు తప్పితే గొలుసంతా తూలుతుంది. ఒక ముసలమ్మ నా భుజం మీద ఒకటి చరిచి, కాలు చూపించి, మళ్లీ చూపించి, మాటలేవీ లేకుండా నేర్పింది. నేను చెప్పినట్టల్లా చేశాను. గంటసేపు పరమ విధేయుణ్ణి. ఆవిడ తర్వాత ఎవరితోనూ ‘ఈ మైదానంవాళ్లు సాధుస్వభావులు’ అని అనలేదనుకుంటాను. ఆవిడకి నేను నేర్చుకుంటున్నవాణ్ణి, అంతే. నేను వెళ్లిపోవాలనుకుంటే చేతులు విడిచి వెళ్లిపోవచ్చు. వినడానికీ లొంగడానికీ మధ్య గీత అక్కడే ఉందనిపించింది. చేతులు విడవగలిగే వీలులో.

మన రాష్ట్రంలో కువి, కొండ, సవర, ఆదివాసీ ఒడియా, కోయ, గోండి, కొలామి, బంజారా భాషల్లో చిన్న తరగతుల పాఠ్యపుస్తకాలు తయారైనప్పుడు కొన్ని నా చేతికి వచ్చాయి. అంతకుముందు మూగవాళ్లనుకున్న పిల్లలు ఆ పుస్తకం తెరిచి ఒకరి మీద ఒకరు పడి కబుర్లు చెప్పుకోవడం చూశాను. తరగతి అదుపు తప్పింది. డోసైల్ అని రాయదగ్గవాడు ఒక్కడూ లేడు. వాళ్లు నేర్చుకుంటున్నారు, అంటే అసలు అర్థంలో అందరూ డోసైలే.

ఇప్పుడెవరైనా ఏజెన్సీ గురించిన పాత రిపోర్టు ఇచ్చి అనువదించమంటే ఈ మాట దగ్గర ఆగుతాను. అమాయకులు అని రాయను. సాధువులు అని రాయను. ‘మా మాట వినేవాళ్లు’ అని రాస్తాను. రాసిన దొర ఆ ‘మా’ని దాచుకున్నాడు కాబట్టి అనువాదకుడు బయటపెట్టాలి. మూలానికి విధేయంగా లేదని అంటే ఒప్పుకుంటాను.

ఆ కుర్రాడి సంగతి. మరుసటేడు ఒకరోజు నేను బోర్డు మీద రాస్తుంటే వెనకనుంచి, “మేస్టారూ, అది తెలీలేదు, మళ్లీ సెప్పండి” అన్నాడు. ఏడాదిన్నరలో నాతో అన్న మొదటి పూర్తి వాక్యం. మళ్లీ చెప్పాను. మళ్లీ తెలియలేదన్నాడు. మూడోసారి చెబుతుంటే నాకే సరిగ్గా తెలియదని తేలింది. ఆ ఏడు వాడి కార్డు మీద రాయడానికి ఇంగ్లీషులో సరైన మాట దొరకలేదు. ‘అర్థం కాకపోతే అడుగుతాడు’ అని తెలుగులో రాశాను. కార్డు ఇంగ్లీషులో ఉండాలి కదా మాస్టారూ అని పైవాళ్లు కోప్పడ్డారు. నేను విన్నాను. మార్చలేదు.